గాడ్జిల్లా చవగ్గా రాలేదు

మన దగ్గర పెద్ద బడ్జెట్ సినిమా ఏదైనా వచ్చి, గ్రాఫిక్స్ తేలిపోయాయని మొదటి ఆటకే టాక్ బయటికొస్తే చాలు, ఒక పోస్టు మళ్లీ ప్రాణం పోసుకుంటుంది. ఒక పక్క జపాన్ సినిమాల రాక్షసుడు గాడ్జిల్లా, ఇంకో పక్క మన హీరో. కింద "125 కోట్లలో ఆస్కార్ కొట్టారు, మీకు ఇన్ని వందల కోట్లు ఎందుకు?" అని నిలదీత. ఈ మధ్య మా చుట్టాల వాట్సాప్ గ్రూపులోకీ అది వచ్చింది. అందరూ తలో మాటా అన్నారు. హైదరాబాద్‌లో వీఎఫ్‌ఎక్స్ పని చేసే మా మేనల్లుడు మాత్రం నోరు విప్పలేదు. తర్వాత ఫోన్‌లో నేనే ఆ సంగతి కదిపితే, "మావయ్యా, వాళ్ల డైరెక్టర్ వాళ్ల గదిలోనే కూర్చుంటాడు. మాకు ఆ షాట్ ఏ సినిమాదో కూడా ఒక్కోసారి చెప్పరు" అన్నాడు.

ఆ పోస్టులో అంకెలు తప్పేం కాదు. 'గాడ్జిల్లా మైనస్ వన్'కి కోటిన్నర డాలర్ల లోపే, అంటే ఆ 125 కోట్ల రూపాయల లోపే అయిందని అందరూ రాశారు. అంత బడ్జెట్ ఉంటే బాగుండేదని దర్శకుడు తకాషి యమజాకి స్వయంగా అన్నాడు కూడా. 35 మంది ఆర్టిస్టులు, 610 షాట్లు, 2024 మార్చిలో ఉత్తమ విజువల్ ఎఫెక్ట్స్ ఆస్కార్. పోటీలో ఉన్న హాలీవుడ్ సినిమాల్లో కొన్నిటికి 20 కోట్ల డాలర్ల పైనే ఖర్చయింది. ఇవన్నీ నిజాలే. నా పేచీ వీటితో కాదు, వీటిలోంచి జనం తీస్తున్న నీతితో. తక్కువ డబ్బుతో కూడా అవుతుంది కాబట్టి తక్కువే ఇద్దాం అని ఎవరైనా నిర్మాత అనుకుంటే, యమజాకి జీవితంలో మనం నేర్చుకోవాల్సిందంతా చేజారిపోయినట్టే.

ఆ సినిమా అంత పొదుపుగా రావడానికి అసలు కారణం నా దృష్టిలో ఒకటే. సెట్లో నిలబడి యాక్షన్ చెప్పిన మనిషికి, ఆ ఫ్రేములో చివరికి ఏముండబోతోందో ముందే తెలుసు. ఎందుకంటే దాన్ని చేయించేదీ ఆయనే. కథ, దర్శకత్వం, వీఎఫ్‌ఎక్స్ పర్యవేక్షణ మూడూ యమజాకివే. అలాంటి మనిషి తయారవడానికి దాదాపు నలభై ఏళ్లు పట్టింది. ఆ ఏళ్ల ఖర్చు ఏ బడ్జెట్ కాగితంలోనూ కనబడదు.

మినియేచర్ల దగ్గర మొదలు

యమజాకి 1964లో నాగానో ప్రాంతంలోని మత్సుమొతోలో పుట్టాడు. 'స్టార్ వార్స్', 'క్లోజ్ ఎన్‌కౌంటర్స్' చూసి మతి పోగొట్టుకున్న తరం. ఆర్ట్ కాలేజీలో చదువు ముగించి 1986లో షిరోగుమి అనే ఎఫెక్ట్స్ కంపెనీలో చేరాడు. మొదట చేసింది మినియేచర్లు. చిన్న సైజులో ఇళ్లు, ఓడలు కట్టాలి. వాటికి తుప్పు మరకలు వెయ్యాలి. కెమెరా ఎంత కిందికి దింపితే బొమ్మ ఇల్లు నిజం ఇల్లులా కనబడుతుందో కళ్లతో లెక్క కట్టాలి. కెమెరాకి కనిపించే వైపే కట్టాలి, కనిపించని వైపు కట్టకూడదు. ఈ చివరి మాట గుర్తుపెట్టుకోండి, దీనితో మళ్లీ పని ఉంది.

తర్వాత దర్శకుడు జూజో ఇతామి సినిమాలకి పని చేశాడు. ఇతామి తీసేవి రాక్షసుల సినిమాలు కావు. పన్ను ఎగవేతదారుల వెంటపడే ఆఫీసరమ్మ, ఆసుపత్రి మంచం మీది రోగి, ఇలాంటి మనుషుల కథలు. 1993లో వచ్చిన 'దైబ్యోనిన్'లో చావు అంచుదాకా వెళ్లిన రోగికి ఏం కనబడిందో చూపించాలి. ఎఫెక్ట్స్ కుర్రాడికి అంతకన్నా మంచి బడి దొరకదని నా నమ్మకం. అక్కడ "ఎంత బాగా చేశాడో" అని ప్రేక్షకుడు అనుకున్నాడంటే పని చెడినట్టే. వాడు ఆ రోగి గురించే ఆలోచించాలి.

తనకి ఇష్టమైన సైన్స్ ఫిక్షన్ సినిమాలు జపాన్‌లో ఎవరూ తియ్యడం లేదు. అవి ఎవరైనా తీస్తే కదా తను ఎఫెక్ట్స్ చేసేది? సరే, నేనే రాసి నేనే తీస్తాను అనుకున్నాడు. మొదట తయారు చేసుకున్న కథ మరీ ఖరీదైనది కావడంతో పక్కన పెట్టాల్సి వచ్చింది. దాని బదులు చిన్న కథ ఒకటి రాసుకుని, నిర్మాత షూజి అబే అండతో 2000లో 'జువెనైల్' తీశాడు. వేసవి సెలవుల్లో పిల్లలకి ఒక చిన్న రోబో దొరకడం, అంతే కథ. 2002లో 'రిటర్నర్'. ఆ రెండిటినీ గొప్ప సినిమాలని నేను అనను. రెండో దాంట్లో అయితే ఇష్టపడి చూసిన హాలీవుడ్ సినిమాలన్నీ పైకే కనబడుతుంటాయి. కానీ ఒక సంగతి గమనించండి. పక్కన పెట్టిన ఆ పెద్ద కథని పట్టుకుని సగం డబ్బుతో లాగించే ప్రయత్నం ఆయన చెయ్యలేదు. ఉన్న డబ్బుకి తగ్గ కథ వేరే రాసుకున్నాడు. మన దగ్గర ఎక్కువగా జరిగేది మొదటిది.

అబే 2023 డిసెంబరులో పోయారు. మూడు నెలల తర్వాత ఆస్కార్ వేదిక మీద కాగితం చూసి ఇంగ్లిష్‌లో చదువుతూ, సంగీతం మొదలై ఇక దిగమని సూచిస్తున్నా, యమజాకి ఆయన్ని తలుచుకునే దిగాడు.

ఒక సినిమాకి ఇద్దరు డైరెక్టర్లు

1954లో వచ్చిన మొదటి గాడ్జిల్లాని నిజానికి ఇద్దరు తీశారు. ఇషిరో హోండా నటులతో కథ తీశాడు. ఏజీ త్సుబురాయా రబ్బరు సూట్లో మనిషిని పెట్టి, కాళ్ల కింద బొమ్మ టోక్యోని పెట్టి విధ్వంసం తీశాడు. తర్వాత దశాబ్దాల పాటు, ఆ సినిమా నిర్మించిన టోహో స్టూడియోలో అదే పద్ధతి నడిచింది. కథ యూనిట్ వేరు, ఎఫెక్ట్స్ యూనిట్ వేరు, దేని డైరెక్టర్ దానికే. ఎఫెక్ట్స్ మనిషికి డైరెక్టర్ హోదా ఇచ్చి, టైటిల్స్‌లో పేరు విడిగా వేసిన పరిశ్రమ అది. ఆ గౌరవం గొప్పదే. కానీ ఆ పద్ధతిలో ఒక అతుకు ఉంది. తర్వాత వచ్చిన చాలా రాక్షస సినిమాల్లో అది తెలిసిపోతుంది. జనం పైకి చూసి, వేలు చూపించి, పరిగెడతారు. కట్. రాక్షసుడు ఒక బిల్డింగ్ కూలుస్తాడు. కట్. మళ్లీ జనం. ఆ భయం, ఆ కూలడం ఒకే ఊళ్లో జరుగుతున్నట్టు అనిపించదు.

ఈ అతుకుని లేకుండా చెయ్యడమే యమజాకి చేసిన పెద్ద పని. ఎఫెక్ట్స్ వైపు నుంచి దర్శకత్వంలోకి వచ్చినవాళ్లు ఇంకా ఉన్నారు. షింజి హిగుచి 1995 నాటి 'గమేరా'కి ఎఫెక్ట్స్ డైరెక్టర్‌గా పేరు తెచ్చుకుని, తర్వాత సొంతంగా సినిమాలు తీశాడు. హిదెయాకి అన్నోతో కలిసి చేసిన 2016 నాటి 'షిన్ గాడ్జిల్లా' అద్భుతం. దానికి ముందు ఏడాది సొంతంగా తీసిన 'అటాక్ ఆన్ టైటాన్' మీద మాత్రం విమర్శలు వెల్లువెత్తాయి. కాబట్టి ఎఫెక్ట్స్ తెలిస్తే చాలు, మంచి డైరెక్టర్ అయిపోతాడు అనే వాదన నిలబడదు. నేనూ ఆ వాదన చెయ్యను.

మనకీ ఈ దారి కొత్తేం కాదు. 1961 నాటి ఎన్టీఆర్ 'సీతారామ కల్యాణం'కి కెమెరా పట్టి, ట్రిక్ షాట్లు తీసిన రవికాంత్ నగాయిచ్ ఆ తర్వాత హిందీకి వెళ్లి డైరెక్టర్ అయ్యాడు. మన 'గూఢచారి 116'ని హిందీలో 'ఫర్జ్'గా తీసింది ఆయనే. ఆ రోజుల్లో ట్రిక్కు అంటే కెమెరా దగ్గరే తేలాలి. డైరెక్టర్, కెమెరామన్ ఒకరి మొహం ఒకరు చూసుకుంటూ అక్కడికక్కడే తేల్చుకునేవారు. 'మాయాబజార్'లో కె.వి.రెడ్డి, మార్కస్ బార్‌ట్లే పనిచేసిన తీరు అదే. కంప్యూటర్ వచ్చాక పని షూటింగ్ తర్వాతికి జరిగింది, మనుషులు దూరమయ్యారు. దాన్ని ప్రగతి అనుకున్నాం.

రాక్షసుడు లేని సినిమా

యమజాకి సినిమాల్లో నాకు అన్నిటికన్నా ఇష్టమైనది 2005లో వచ్చిన 'ఆల్వేస్'. 1958 నాటి టోక్యోలో ఒక సందు, ఒక కారు రిపేరు షాపు, పల్లె నుంచి పనికోసం రైలెక్కి వచ్చిన ఒక అమ్మాయి, ఎదురింట్లో డబ్బుల్లేని ఒక రచయిత. కథ ఇంతే. గాడ్జిల్లా చూసినవాళ్లకి ఇది చూడమని చెబితే, ఇందులో గ్రాఫిక్స్ ఎక్కడున్నాయి అని అడుగుతారు.

మొదటి షాటే చూడండి. పిల్లవాడు రబ్బరు బ్యాండుతో ఎగిరే బొమ్మ విమానాన్ని వదులుతాడు. కెమెరా దాని వెంట సందులోంచి మెయిన్ రోడ్డు మీదికి వస్తుంది. ట్రాములు, పాత కార్లు, నడిచే జనం, వాటన్నిటికీ పైన సగం కట్టిన టోక్యో టవర్. అప్పటి ఊరు ఇప్పుడు లేదు. సందు సెట్టు, ఊరు మినియేచర్లు, మిగతాది కంప్యూటర్. ఈ మూడూ ఎక్కడ కలిశాయో పట్టుకుందామని నేను ఆపి ఆపి చూశాను, దొరకలేదు. కథ నడిచే కొద్దీ వెనక ఆ టవర్ కొంచెం కొంచెంగా పైకి లేస్తుంటుంది. దాని గురించి ఎవరూ పెద్దగా మాట్లాడరు. కాలం గడుస్తోందని చెప్పడానికి కేలండర్ కాగితాలు ఎగరెయ్యాల్సిన పని లేకుండా పోయింది. జపాన్ అకాడమీ దానికి ఉత్తమ చిత్రం ఇచ్చింది.

ఆ తర్వాత తీసిన సినిమాల వరుస చూస్తే నాకు ఒక విషయం తట్టింది. 2007లో 'ఆల్వేస్' రెండో భాగం మొదట్లో, అదే సందు మీద గాడ్జిల్లా వచ్చి పడుతుంది. ఒక పాత్ర ఊహలో, కాసేపే. 2013లో 'ఎటర్నల్ జీరో', దాన్నిండా యుద్ధ విమానాలు, విమానవాహక నౌకలు. 2016లో చమురు వ్యాపారి కథ, అందులో బాంబులకి కాలిపోయిన టోక్యో, సముద్రం మీద ట్యాంకరు. 2019లో 'ది గ్రేట్ వార్ ఆఫ్ ఆర్కిమెడీస్', మొదటి నిమిషాల్లోనే యమాటో యుద్ధనౌక మునక. 2021లో సెయిబుయెన్ అనే వినోదాల పార్కులో గాడ్జిల్లా రైడు.

ఇప్పుడు 'మైనస్ వన్'లో ఏమున్నాయో లెక్క పెట్టండి. యుద్ధంలో కాలిపోయిన టోక్యో, యుద్ధనౌకలు, పాత విమానాలు, సముద్రం, వీధుల మీద పడే గాడ్జిల్లా. అందులో ప్రతి ముక్కనీ అంతకుముందు ఏదో ఒక సినిమాలో, అదే కంపెనీలో చేసి చూసుకున్నాడు. ఆ నేర్చుకోవడానికి అయిన ఖర్చు వేరే సినిమాల పద్దుల్లో ఉంది. పోస్టులు పెట్టేవాళ్లు ఆఖరి బిల్లు ఒక్కటే చూస్తున్నారు.

పడవ వెంట తల

ఆయన పద్ధతి ఎలా పని చేస్తుందో ఒక్క సీన్లో చెప్పమంటే, నేను టోక్యోలోని గింజా వీధుల విధ్వంసం చెప్పను, చిన్న చెక్క పడవ వెంట గాడ్జిల్లా ఈదుకుంటూ వచ్చే సీన్ చెబుతాను. సముద్రంలో మిగిలిపోయిన మైన్లు ఏరే పడవ అది. దాన్ని నిజం సముద్రం మీదికే తీసుకెళ్లి తీశారు. నటులకి కడుపులో తిప్పింది కూడా నిజమే. పడవ ఊగుతుంటే మనుషులు కాళ్లు ఎక్కడ ఆనిస్తున్నారు, అల తగిలినప్పుడు ఏ కమ్మీ పట్టుకుంటున్నారు, ఇవి స్టూడియోలో ఎంత నేర్పినా రావు. ఆ నిజం దొరికాక, వెనక నీళ్లలోంచి ఒక తల లేస్తుంది. చాలాసేపు తల, వీపు మీది ముళ్లు, అంతే. ఒళ్లంతా నీళ్లలోనే ఉంటుంది.

పైగా పట్టపగలు. తప్పులు దాచుకోవాలంటే రాత్రి పూట, వానలో తియ్యడం మామూలు కిటుకు. ఆయన ఎండలో పెట్టాడు. ఎందుకు పెట్టగలిగాడంటే, చూపించేది తక్కువ అని ముందే తేల్చుకున్నాడు. చూపించే ఆ కాస్త మీద మొత్తం శక్తి పెట్టాడు. కనబడే వైపే కట్టాలి అన్నానే, ఇదే అది. ఇక్కడ అసలు కష్టం రాక్షసుడు కాదు, నీళ్లు. అంత పెద్ద మెడ నీళ్లని చీల్చుకుని వస్తే అల ఎంత ఎత్తు లేవాలి, నురగ ఎంతసేపు నిలవాలి, తుంపర ఎంత సన్నగా ఉండాలి? నురగ చుక్కలు కాస్త పెద్దవైతే చాలు, రాక్షసుడు బాత్‌టబ్బులో బొమ్మ అయిపోతాడు.

ఆ నీళ్ల వెనక ముఖ్యమైన చెయ్యి తత్సుజి నోజిమా అనే కుర్రాడిది. ఆస్కార్ అందుకున్న నలుగురిలో ఒకడు, అప్పటికి పాతికేళ్లు. అతను చేసి చూపించిన నీళ్లు చూశాకే సముద్రం సీన్ల మీద యమజాకికి ధైర్యం వచ్చింది. నాకు ఈ కబురు ఆ అవార్డు కన్నా పెద్దదిగా అనిపిస్తుంది. జూనియర్ ఆర్టిస్టు తన సిస్టమ్‌లో చేసినదాన్ని డైరెక్టర్ నేరుగా చూడటం, చూసి సినిమా మీద తన నిర్ణయం మార్చుకోవడం. ఇలా జరగాలంటే ఇద్దరూ ఒకే చోట ఉండాలి. వచ్చినదాని విలువ తెలిసే కళ్లు ఆ డైరెక్టర్‌కి ఉండాలి.

షాటు నంబరు తప్ప ఏమీ తెలియని చోటు

మా మేనల్లుడి పని చాలా ఏళ్లు రోటో. అంటే ఫ్రేములో మనిషి చుట్టూ గీత గీసి వెనకదాన్నుంచి విడదియ్యడం. సెకనుకి 24 ఫ్రేములు, ప్రతి ఫ్రేములోనూ ఆ గీత జరగాలి. అందులో జుట్టు పరమ నరకం. ఒకసారి గాలికి ఎగురుతున్న హీరో జుట్టుని పాయ పాయగా విడదీసే పని పడింది. వెనక గ్రీన్ మ్యాట్ లేదు, మసక పొగ ఉంది. రాత్రుళ్లు కూర్చుని చేశాడు. దాని మీద రిమార్కు రావడానికే రోజులు పట్టేది. ఒకటే లైను, "ఎడ్జెస్ ఇంకా షార్ప్ కావాలి" అని. ఎవరికి కావాలో తెలీదు. లీడ్ చూస్తాడు, ఆ పైన సూపర్‌వైజరు చూస్తాడు, పని ఇచ్చిన ఇంకో స్టూడియో వాళ్లు చూస్తారు, వాళ్ల పైన సినిమా తరఫు సూపర్‌వైజరు, ఎక్కడో చివర డైరెక్టర్. సినిమా వచ్చాక థియేటర్‌లో చూస్తే ఆ షాట్‌లో హీరో మొత్తం నీడలో ఉన్నాడు. జుట్టే కనబడదు.

ఆ రాత్రులకి అయిన కరెంటు, జీతం, కంపెనీ లాభం అన్నీ సినిమా బడ్జెట్‌లో ఉంటాయి. తెర మీద లేవు. 'గ్రాఫిక్స్‌కి అన్ని కోట్లు' అని మనం వినే మొత్తంలో ఇలా నీడలో కలిసిపోయిన జుట్టు ఎంత ఉంటుందో నా దగ్గర లెక్క లేదు గానీ, ఈ పనిలో ఉన్న ఎవరిని కదిపినా ఇలాంటి కథ ఒకటి చెబుతారు. యమజాకి గదిలో ఈ వృథా పుట్టదు. ఇది నీడలోకి వెళ్తుంది, వదిలెయ్ అని చెప్పే మనిషి పక్కనే ఉన్నాడు. ఆ నిర్ణయానికి పై అనుమతి అక్కర్లేదు, పై మనిషి ఆయనే.

ఇక్కడ డైరెక్టర్లందరూ కంప్యూటర్ నేర్చుకోవాలని నేను అనడం లేదు. అది అయ్యే పని కాదు, అవసరమూ లేదు. 'ఈగ' గుర్తు చేసుకోండి. రాజమౌళి ఎఫెక్ట్స్ మనిషి కాదు. కానీ ఆ ఈగ ఏ షాట్‌లో ఏం చెయ్యాలో ఎఫెక్ట్స్ వాళ్లతో కలిసి కూర్చుని తేల్చుకున్న పని అని చూస్తేనే తెలుస్తుంది. దానికి ఎఫెక్ట్స్‌లో జాతీయ అవార్డు కూడా వచ్చింది. తేల్చుకోకుండా షూటింగ్‌కి వెళ్లి, "అది సీజీలో చూసుకుందాం" అనే మాట దగ్గరే డబ్బు కారిపోవడం మొదలవుతుంది.

నన్ను తొలిచే సందేహాలు

ఇంత చెప్పాక కూడా నా వాదనలో నాకే గుచ్చుకునేవి కొన్ని ఉన్నాయి.

ఒకటి, యెన్. 'మైనస్ వన్' వచ్చిన రోజుల్లో డాలరుకి దాదాపు 150 యెన్లు. 2012లో దాదాపు 80. కోటిన్నర డాలర్లంటే 150 లెక్కన 225 కోట్ల యెన్లు. అవే యెన్లు 2012లో అయితే రెండు కోట్ల 80 లక్షల డాలర్లు అయ్యేవి. సినిమా మారలేదు, మనుషులు మారలేదు, పోస్టులో పెట్టిన అంకె మాత్రం దాదాపు రెట్టింపు. జపాన్ కరెన్సీ పడిపోవడాన్ని మనం డైరెక్టర్ ప్రతిభ ఖాతాలో రాస్తున్నాం.

రెండోది జీతాలు. హాలీవుడ్‌తో పోలిస్తే జపాన్‌లో ఈ పని చేసేవాళ్లకి వచ్చేది తక్కువ. యమజాకి గది ఎంత ఆప్యాయంగా ఉన్నా, ఆ పొదుపులో కొంత వాళ్ల జేబుల్లోంచి వచ్చిందే. 35 మంది 610 షాట్లు అనే మాట వినగానే నాకు ముందు ఆనందం వేసింది, తర్వాత బెంగ వేసింది. మనిషికి 17 షాట్లు. నీళ్లతో, పొగతో, కూలే మేడలతో. ఆ గదిలో సాయంత్రం ఇళ్లకి ఎప్పుడు వెళ్లారో మనకి తెలీదు. ఒకే గది అనేది మంచి పద్ధతే, కానీ ఆ పేరు చెప్పి తక్కువ మందితో ఎక్కువ పని లాగడమూ సులువే.

మూడోది ఆయన కథలు. కన్నీళ్ల మీద ఆయనకి మోజు ఎక్కువ. ఒకసారి ఏడిస్తే చాలినచోట మూడుసార్లు ఏడిపిస్తాడు. వీడియో గేమ్ ఆధారంగా తీసిన 2019 నాటి 'డ్రాగన్ క్వెస్ట్' సినిమా క్లైమాక్స్‌లో, ఇదంతా ఉత్త ఆట అని ప్రేక్షకుడి మొహం మీదే చెప్పినంత పని చేసి, ఆ ఆటని చిన్నప్పటి నుంచి ప్రేమించినవాళ్లందరి చేతా తిట్లు తిన్నాడు. అన్నీ తనే చూసుకునే మనిషికి ఉన్న ప్రమాదం అదే. ఇది బాలేదు అని చెప్పే రెండో గొంతు లేకపోవడం. నేను మెచ్చుకుంటున్న ఆ దూరం లేకపోవడంలోనే ఈ లోపం కూడా ఉంది. దీనికి నా దగ్గర జవాబు లేదు.

'ఎటర్నల్ జీరో' మీద వచ్చిన విమర్శ ఇంకా బరువైనది. ఆత్మాహుతి దాడికి వెళ్లిన పైలట్ కథని అంత అందంగా తీస్తే యుద్ధానికి తీపి పూత పూసినట్టు కాదా అని జపాన్‌లోనే చాలామంది అడిగారు. ఆ సినిమా చూశాక నాకూ మనసు కుదుటపడలేదు. విమానాలు మరీ అందంగా ఉన్నాయి. ఎఫెక్ట్స్ బాగా కుదరడం కూడా ఒక్కోసారి తప్పు వైపు పని చేస్తుంది.

'మైనస్ వన్' దానికి పదేళ్ల తర్వాత ఆయన ఇచ్చుకున్న సమాధానం అని నాకు అనిపిస్తుంది. చూడనివాళ్లు ఈ పేరా దాటెయ్యండి. ఇక్కడా ఆత్మాహుతి పైలటే. కానీ ఇతను ఇంజిన్ బాలేదని సాకు చెప్పి తప్పుకున్నవాడు, ఆ సిగ్గుతో బతుకుతున్నవాడు. చివర్లో బాంబులు నింపిన షిండెన్ విమానంతో గాడ్జిల్లా నోట్లోకి దూసుకెళ్తాడు. చచ్చిపోయాడనుకుంటాం. విమానంలో మెకానిక్ ముందే సీటు బయటికి ఎగిరే ఏర్పాటు పెట్టాడు, బతకమని చెప్పే పంపాడు. అంతకుముందు ఒక సీన్లో, ఈ దేశం ప్రాణాలని మరీ చవగ్గా చూసిందని ఒక పాత్ర బాధపడుతుంది. ట్యాంకులకి సరైన కవచం లేదు, సైనికులకి తిండి చేరలేదు, ఫైటర్ విమానాల్లో తప్పించుకునే సీటు లేదు అని. ఈసారి ఎవరూ చావకుండా గెలవాలన్నది ఆ మనుషుల పట్టుదల.

సినిమా మొత్తం ఈ మాట మీద నడుస్తుంది. అలాంటి సినిమాని తీసుకొచ్చి, పనిచేసేవాళ్లకి తక్కువ ఇచ్చినా నడుస్తుంది అనడానికి సాక్ష్యంగా పెడుతున్నాం. ఇది నాకు కోపం తెప్పిస్తుంది. ఆయన 'ఆర్కిమెడీస్' సినిమాలోనూ ఒక గణితవేత్త కొత్త యుద్ధనౌకకి చూపించిన తక్కువ అంచనా బూటకమని, కొలతలు స్వయంగా తీసుకుని మరీ నిరూపించడానికి కూర్చుంటాడు. తక్కువ అంకె కనబడితే దాని వెనక ఏం దాచారో చూడమని ఆయనే ఒక సినిమా అంతా చెప్పాడు.

తర్వాతి గాడ్జిల్లా కూడా యమజాకియే తీస్తున్నాడని టోహో 2024 నవంబరులో ప్రకటించింది. ఆస్కార్ తర్వాత కాబట్టి డబ్బు పెరుగుతుందనే అనుకుంటున్నాను, పెరగాలనే కోరుకుంటున్నాను. ముందుగా ఆ టీముకి జీతాల్లో పెరగాలి. డబ్బుతో పాటు మనుషులూ పెరిగి, పని నాలుగు కంపెనీలకి పంచి, మధ్యలో సూపర్‌వైజర్ల మెట్లు లేస్తే, పాత పద్ధతి ఎంతవరకు నిలుస్తుందో నాకు తెలీదు. టైటిల్స్‌లో వీఎఫ్‌ఎక్స్ పర్యవేక్షణ కింద ఆయన పేరు ఇంకా ఉందో లేదో, నోజిమా లాంటి కుర్రాళ్ల పేర్లు ఎక్కడ వేశారో చూడటానికి ఈసారి చివరిదాకా కూర్చుంటాను.